సుంకమ్మ మెత్తిన మూల

కోనప్ప అయ్యవారి దగ్గర పని నేర్చుకోవడానికి వచ్చినవాళ్లు మొదటి నెలలోనే ఒక సంగతి గమనిస్తారు. మన చేతిలో పని చెడిపోతున్నప్పుడు ఆయన నోరు విప్పరు. పక్కనే ఉంటారు, చూస్తూనే ఉంటారు, అడిగితే అడిగినంతవరకు చెబుతారు. అడగకపోతే, మనం కట్టింది కూలిపోయేదాకా అలా చూస్తూనే ఉంటారు. కొత్తవాళ్లు మొదట దీన్ని ఓర్పు అనుకుంటారు. కొన్నాళ్లు పోయాక కఠినత్వం అనుకుంటారు. నేనూ రెండూ అనుకున్నవాణ్ణే.

ఆయన పొలం అనంతపురం జిల్లా పడమటి అంచున, ఒక రాతిగుట్ట వాలులో ఉంది. కరెంటు తీగ అంతదాకా రాలేదు. కుళాయీ లేదు. మిద్దె మీద ఉన్న సోలారు పలకతో రెండు బల్బులు వెలుగుతాయి. తాగే నీళ్లు వానవి, వంటకు మంట పేడ గ్యాసుది, లేదంటే పుల్లలది. ఏడాదికి ఐదారుగురు వచ్చి అక్కడే ఉండి గోడ కట్టడం, విత్తనం దాచడం, రంపానికి పదును పెట్టడం, మేకకు పురుడు పోయడం నేర్చుకుని వెళ్తారు. నేను అక్కడున్న ఏడు వచ్చినవాళ్లలో హైమవతి ఒకరు. గుంటూరులో పదిహేనేళ్లు ఒక ల్యాబులో రక్తపరీక్షలు చేసిన మనిషి. ఆ ఉద్యోగం మానేసి గుట్టల మధ్య రెండెకరాలు తీసుకుంది. మరుసటి ఏడు నుంచి అక్కడ ఒంటరిగా బతకాలని ఆమె నిర్ణయం.

హైమవతి కట్టిన మట్టిపొయ్యి మూడోసారి కూడా పొగచూరింది. కళ్లు ఎర్రబడి, జుట్టు నిండా మసితో ఆమె వంటపాకలోంచి బయటికి వచ్చి నేరుగా అయ్యవారి ముందు నిలబడింది.

"పొగగొట్టం ఇరుకైందని మీకు మొదటిరోజే తెలుసు కదా అయ్యవారూ?"

"తెలుసమ్మా."

"మరి ఎందుకు చెప్పలేదు? మూడుసార్లు పగలగొట్టి మూడుసార్లు కట్టాను. నాకు ఉన్నది ఈ ఒక్క ఏడాదే. తెలిసినవాళ్లు తెలిసింది చెప్పకపోతే ఇంక నేర్పడం అంటే ఏమిటి?"

మేం చేస్తున్న పనులు ఆపేశాం. ఆమె గొంతులో కోపం కంటే భయం ఎక్కువగా ఉంది. అయ్యవారు ఆ మాటకు నొచ్చుకోలేదు. వేపపుల్లలు విరుస్తున్న చేతులు దులుపుకుని, మమ్మల్నందరినీ నీడలో కూర్చోమని, ఒక సంగతి చెప్పారు. ఆయన చెప్పినట్టే నేను రాస్తున్నాను.

ఆయన గుట్టకు అవతలి వైపు ఎర్రిస్వామి, సుంకమ్మ అని భార్యాభర్తలు ఉండేవాళ్లు. ఇద్దరూ అంతకుముందు తొమ్మిదేళ్లు ఒక రాళ్ల క్వారీలో పనిచేశారు. రేకుల షెడ్డులో కాపురం, తినే కూటిలో కూడా రాతిదుమ్ము. ఒకరోజు ఎర్రిస్వామి అందరూ వద్దన్న నాలుగెకరాల రాళ్లచేను సంపాదించుకుని భార్యను వెంటబెట్టుకుని గుట్టెక్కాడు. అతని చేతిలో గొప్ప నేర్పు ఉండేది. రాయి చూడగానే అది ఎక్కడ పగులుతుందో చెప్పేవాడు. ఒక్కడే ఇల్లు కట్టాడు. మిద్దె మీద పడిన వాన చుక్క పోకుండా రేకుదోనె గుండా కిందికి దింపి, సగం నేలలోకి ఉండేలా సున్నపుగచ్చుతో పెద్ద నీటితొట్టి కట్టాడు. ఆ తొట్టి నిండితే మళ్లీ వానలదాకా ఇద్దరికీ పద్నాలుగు మేకలకూ సరిపోయేది.

అంత నేర్పున్న మనిషికి ఒక్కటే లోపం. తన పని ఇంకొకరి చేతిలో వంకరపోవడం చూడలేడు. సుంకమ్మ ఎప్పుడన్నా తాపీ చేతిలోకి తీసుకుంటే, రెండు నిమిషాలు ఓర్చుకుని, "ఇట్లియ్యి సుంకీ, నీకు కాదు" అని లాక్కునేవాడు. అతనిది చెడ్డ మనసు కాదు. ఆమెకు కష్టం తప్పిస్తున్నానని అనుకునేవాడు. ఆమె కూడా అలాగే అనుకుని మేకల వెంట వెళ్లిపోయేది. అట్లా పన్నెండేళ్లు గడిచాయి. మేకలు, చేను, వంట ఆమెవి. ఇల్లు, తొట్టి, పనిముట్లు అతనివి.

ఉగాది పోయిన వారానికి, వానలకు ముందే రేకుదోనె శుభ్రం చేద్దామని ఎర్రిస్వామి నిచ్చెన ఎక్కాడు. నిచ్చెన మెట్టు విరిగింది. ముందుకు బోర్లాపడుతూ రెండు చేతులూ నేలకు ఆనించాడు. రెండు మణికట్లూ విరిగాయి. టౌనుకు తీసుకుపోతే ఆసుపత్రిలో మోచేతుల దాకా పిండికట్లు కట్టి, ఆరు వారాలు కదపవద్దని పంపారు.

ఇంటికి వచ్చాక అతనికి సుంకమ్మే అన్నం కలిపి నోట్లో పెట్టేది. పంచె కూడా ఆమే కట్టాల్సి వచ్చేది. ఆ మనిషి ఆ రోజుల్లో తలెత్తి మాట్లాడలేదు. అంతటితో పోతే బాగుండేది. వారం గడిచేసరికి తొట్టిలో నీళ్లు తగ్గుతున్నట్టు సుంకమ్మ కనిపెట్టింది. వాడకానికి తగ్గడం వేరు. ఇది పొద్దున్నే చూస్తే రెండు వేళ్ల మందం, మర్నాడు ఇంకో రెండు వేళ్లు. ఎక్కడో కారుతోంది. వానలకు ఇంకా రెండు నెలలు ఉంది. కోన అడుగున ఇసుకలో ఒక చెలమ ఉంది, అది తప్ప చుట్టుపక్కల నీటిచుక్క లేదు. చెలమ నీళ్లతో నెట్టుకురావచ్చు గానీ, వానలు వచ్చేనాటికి తొట్టి బాగుపడకపోతే ఆ ఏడు నీళ్లు నిలవవు. నీళ్లు నిలవకపోతే గుట్ట మీద కాపురం లేదు.

"కిందికి పోదాం సుంకీ," అన్నాడు ఎర్రిస్వామి. "మేకల్ని అమ్మేద్దాం. క్వారీ మేస్త్రీ మనల్ని కాదనడు. నా చేతులు బాగైనాక మళ్లీ వద్దాం."

"దిగినోళ్లం మళ్లీ ఎక్కం," అంది సుంకమ్మ. "ఆ దుమ్ములోకి నేను రాను. ఏం చేయాల్నో చెప్పు. నీ చేతులే కదా విరిగింది, నావి బాగానే ఉన్నాయి."

తొట్టిలో మిగిలిన నీళ్లను డ్రమ్ములకూ కుండలకూ తోడింది. తొట్టి ఎండింది. లోపల పడమటి గోడకు నిలువునా ఒక బీట కనిపించింది. ఎర్రిస్వామి గట్టు మీద కూర్చుని చెప్పడం మొదలుపెట్టాడు. సున్నం ఇంత, ఇసుక ఇంత, కరక్కాయ నీళ్లు ఇంత, బెల్లం నీళ్లు ఇంత. చెప్పి ఊరుకుంటే సరిపోయేది. ఆమె చేయి కదిలినప్పుడల్లా అతని గొంతు లేచేది. "ఇంకొంచెం నీళ్లు! చాలు, చాలు! అట్లా కాదు, కింద నుంచి పైకి! తాపీ పడుకోబెట్టు!" అతని చేతులు పిండికట్లలోనే ఎగిరెగిరి పడేవి. ఆమె ఒక్క తాపీ వేసి అతని మొహం చూసేది. అతని కనుబొమలు ముడిపడితే చెరిపేసేది. అట్లా మూడు రోజులు పూసింది. నాలుగో రోజు చూస్తే ఆ పూత అంతా ఎండిన చెరువు అడుగులా పగుళ్లు ఇచ్చి, గోరు తగిలితే పెచ్చులుగా రాలింది.

ఎర్రిస్వామి రాలిన పెచ్చుల వైపు చూసి, "నేను చెప్తానే ఉంటి, నీకు కాదని," అన్నాడు.

సుంకమ్మ తొట్టిలోనే నిలబడి ఉంది. నుదుటి మీద సున్నం, చేతుల మీద సున్నం తిన్న పుండ్లు. ఆమె అరవలేదు, ఏడవలేదు. ఒక్క మాట అంది.

"రేపటి నుంచి నువ్వు మేకల్ని తోలుకొని పో. నీ మొగం చూసుకుంటా చేస్తాంటే నాకు గోడ కనపడటంలేదు."

పన్నెండేళ్లలో ఆమె అతన్ని ఒక చోటికి పొమ్మనడం అదే మొదలు. ఎర్రిస్వామికి రోషం వచ్చింది. కానీ చేతులు లేని మనిషి అలిగి చేసేది కూడా ఏముంది? మర్నాడు పొద్దున్నే మేకల్ని అదిలించుకుంటూ కోనలోకి దిగాడు.

ఒంటరిగా మిగిలాక సుంకమ్మ ఆ రోజంతా సున్నం ముట్టుకోలేదు. తొట్టి చుట్టూ తిరిగింది. తిరుగుతుంటే ఆమెకు తూర్పు మూల దగ్గర నేల మీద పచ్చగా గరిక కనిపించింది. కొత్తగా కనిపించిందని కాదు. ఒక ముసలి మేక రెండు నెలలుగా పొద్దున లేవగానే ఆ మూలకే పోయి మూతి పెడుతోందని ఆమెకు తెలుసు. కొండంతా ఎండి గడ్డి పుల్లైన కాలంలో అక్కడొక్కచోట గరిక ఎందుకు పచ్చగా ఉందని మాత్రం ఎవరూ ఆమెను అడగలేదు. ఆమె తనను తాను కూడా అడగలేదు. తొట్టి ఆమెది కాదు కదా.

గడ్డపార తెచ్చి అక్కడ తవ్వింది. మోకాటి లోతులో మట్టి చల్లగా తగిలింది. నడుము లోతులో బురద. దాని కింద మణికట్టంత లావు వేపవేరు తొట్టి గోడలోకి దూరి ఉంది. తరువాత తొట్టిలోకి దిగి, సంతలో కుండ కొనేటప్పుడు వేలితో కొట్టి చూసినట్టు, గుండ్రాయితో ఆ మూలంతా కొట్టి విన్నది. పైకి గచ్చు నున్నగా, గట్టిగా ఉంది. అడుగున జానెడు మేర మాత్రం డొల్లగా మోగింది. పడమటి గోడ మీద బీట పైపైదే. నీళ్లు పోతున్నది ఇక్కడ. ఎర్రిస్వామి గట్టు మీద కూర్చున్న చోటు నుంచి ఆ మూల కనపడదు.

సాయంత్రం అతను పదమూడు మేకలతో తిరిగి వచ్చాడు. పద్నాలుగోదాని కోసం గొంతు పోయేలా అరిచి, రాళ్లెక్కి దిగి, మోకాళ్లు చెక్కుకుపోయి ఉన్నాడు.

"బూడిదది రాలేదా?" అంది ఆమె, అతని కాళ్లు కడుగుతూ. "అది గుంపుతో రాదు. నువ్వు పిలిచేకొద్దీ ఇంకా దూరం పోతది. ఊరకుంటే అదే వస్తది."

కాసేపటికి అది వచ్చింది. ఎర్రిస్వామి దాని వైపు చాలాసేపు చూశాడు. తొట్టి సంగతి అడగాలని నోటిదాకా వచ్చింది. ఆమె చెప్పలేదు, అతను అడగలేదు.

మరుసటి రోజు నుంచి సుంకమ్మ తన పద్ధతిలో మొదలుపెట్టింది. సున్నం గోడ మీద పెట్టకముందు ఒక బండ మీద పెట్టి చూసింది. ఐదు రకాలుగా కలిపి ఐదు బిళ్లలు చేసింది. ఒకదానికి ఇసుక ఎక్కువ, ఒకదానికి నీళ్లు తక్కువ, ఒకదానికి బెల్లం నీళ్లు రెండింతలు. నీడలో ఉంచి తడిగోనె కప్పింది. మూడు రోజులు ఓపిక పట్టి గోటితో నొక్కి చూసింది. నాలుగు ఏదో ఒక విధంగా చెడ్డాయి. ఒకటి గోటికి లొంగలేదు. దాని పాళ్లు పట్టుకుని, రోట్లో వేసి, రోకలికి అంటుకుని లేచేదాకా దంచింది. అది చాలునా ఇంకా కావాలా అన్నది చెప్పడానికి ఎవరూ లేరు. వేళ్ల మధ్య నలిపి తనే తేల్చుకుంది. వేరు నరికి, బయటి వైపు బంకమట్టి కూరి, లోపల డొల్లంతా చెక్కేసి, ఆ మూల కొత్తగా కట్టి మెత్తింది. గుండ్రాయితో రుద్దీ రుద్దీ నున్న చేసింది. తడిగోనెలు కప్పి, రోజుకు నాలుగుసార్లు నీళ్లు చిలకరించేది. తాగడానికి తెచ్చుకున్న బిందెల్లోంచే ఆ నీళ్లు.

ఆ రోజుల్లో ఎర్రిస్వామి పడిన అవస్థ చెప్పనలవి కాదు. కోనలో కూర్చున్నా చెవి ఇంటి వైపే ఉండేది. రోకటి చప్పుడు వినిపించినంతసేపు బాగానే ఉండేవాడు. చప్పుడు ఆగితే లేచి నిలబడేవాడు. ఒక మధ్యాహ్నం తట్టుకోలేక సగం గుట్ట ఎక్కి బండ చాటు నుంచి చూశాడు. ఆమె తాపీని అతను ఎన్నడూ పట్టని విధంగా, వెనక్కి తిప్పి, మడమ వైపు నుంచి నొక్కుతోంది. తప్పు! అరవడానికి నోరు తెరిచాడు. అప్పుడు ఆమె ఆగి, తల వాల్చి, తాను రుద్దిన చోటును చూసుకుని, చిన్నగా నవ్వుకుంది. ఆమె అలా నవ్వుకోవడం అతను ఎన్నడూ చూడలేదు. తెరిచిన నోరు మూసుకుని, వచ్చిన దారినే దిగిపోయాడు. ఆ దిగడం తాను నిచ్చెన మీద నుంచి పడిన రోజుకంటే కష్టంగా ఉండిందని తరువాత అతనే అయ్యవారితో చెప్పాడు.

ఆరు వారాలకు కట్లు విప్పారు. చేతులు చిక్కి పుల్లల్లా అయ్యాయి. మృగశిర కార్తెలో మొదటి వాన పడింది. మిద్దె మీది నీళ్లు దోనెలో పడి, దోనె నుంచి తొట్టిలోకి దూకాయి. తెల్లవారేసరికి ఛాతీ లోతు నిండింది. సుంకమ్మ బొగ్గుముక్కతో నీటి అంచున గీత గీసింది.

మర్నాడు నీళ్లు గీతకు రెండు వేళ్లు కిందికి ఉన్నాయి.

ఆమె గట్టు మీద అట్లాగే కూర్చుండిపోయింది. ఎర్రిస్వామి వచ్చి చూశాడు. కొత్తగచ్చు మొదటిరోజు కొంత నీళ్లు తాగుతుందని అతనికి తెలుసు. అది ఆమెకు చెప్పి ధైర్యం ఇద్దామనే అనుకున్నాడు. కానీ అది తాగడమా, కారడమా అన్నది రేపు చూస్తే తప్ప తనకు మాత్రం ఏం తెలుసు? ఊరకే ఆమె పక్కన కూర్చున్నాడు. రెండోరోజు అర వేలు తగ్గింది. ఆమె ఆ గీత చెరిపి కొత్త గీత గీసింది. మూడోరోజు పొద్దున ఆ గీత తడిగానే ఉంది. నాలుగోరోజూ తడిగానే ఉంది.

సుంకమ్మ చెంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. ఎర్రిస్వామి నీళ్లలోకి చూస్తున్నాడు. ఆ మూల వంకరగా, కొంచెం ఉబ్బుగా ఉంది. అతను కట్టి ఉంటే అట్లా ఉండేది కాదు. చాలాసేపు దాన్నే చూసి, భార్య వైపు తిరిగాడు.

"ఇసుక ఎన్ని పాళ్లు పోసినావు?" అని అడిగాడు.

ఆమె కళ్లు తుడుచుకుని చెప్పడం మొదలుపెట్టింది. బిళ్లల సంగతి, గరిక సంగతి, కుండలాగా కొట్టి విన్న సంగతి. ఎండ ఎక్కిందాకా చెబుతూనే ఉంది. అతను మధ్యలో ఒక్కసారి కూడా అడ్డుపడలేదు.

అయ్యవారు అక్కడ ఆపి మంచినీళ్లు తాగారు. హైమవతి తన అరచేతుల మసి వైపు చూసుకుంది. ఆమె గొంతులో ఇందాకటి వేడి లేదు.

"తరువాత వాళ్లేమయ్యారు అయ్యవారూ? చేతులు బాగయ్యాక ఆయన మళ్లీ తన పని తాను తీసుకున్నాడా?"

"మరుసటి ఏడు ఇంకో తొట్టి కట్టారమ్మా. గోడ సుంకమ్మ కట్టింది. ఎర్రిస్వామి కింద నిలబడి రాయి అందించాడు."

"ఆయనకు అది సులువైన పనేగా?"

అయ్యవారు నవ్వారు.

"'గోడ కట్టడం నాకు మూడేళ్లలో వచ్చింది, అందించడం రావడానికే ఇంతకాలం పట్టింది' అన్నాడు."